బ్రిటిష్ టెలివిజన్ సైన్స్ ఫిక్షన్‌లో నైజెల్ నీల్‌కు అంత ప్రాధాన్యం ఎందుకు?

బ్రిటిష్ టెలివిజన్ సైన్స్ ఫిక్షన్ అనగానే చాలామందికి 1963లో మొదలైన 'డాక్టర్ హూ' గుర్తుకు వస్తుంది. కాని అంతకు పదేళ్ల ముందే ఆ దారి వేసిన రచయిత నైజెల్ నీల్. 1922లో జన్మించి ఐల్ ఆఫ్ మాన్ ద్వీపంలో పెరిగిన ఆయన, 1953లో బీబీసీ కోసం 'ది క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్' అనే ధారావాహిక రాశారు; క్వాటర్‌మాస్ అందులోని శాస్త్రవేత్త పేరు. రోదసిలోకి వెళ్లిన ముగ్గురిలో ఒక్కడే తిరిగి వచ్చి, క్రమంగా మనిషి రూపాన్నే కోల్పోయే ఈ ఆరు భాగాల కథను స్టూడియో నుంచి ప్రత్యక్ష ప్రసారం చేశారు. వాటిలో మొదటి రెండు భాగాల రికార్డింగులే మిగలడం తీరని నష్టం.

మరుసటి ఏడాది జార్జ్ ఆర్వెల్ నవల 'నైన్‌టీన్ ఎయిటీ-ఫోర్'కు ఆయన చేసిన టెలివిజన్ రూపాంతరం పార్లమెంటు దాకా వివాదం రేపింది.

నా దృష్టిలో ఆయన అత్యుత్తమ రచన 1958 డిసెంబరులో మొదలైన 'క్వాటర్‌మాస్ అండ్ ది పిట్'. లండన్‌లో తవ్వకాల్లో బయటపడిన అంగారక నౌక ద్వారా, మనిషిలోని జాతి విద్వేషానికి మూలం ఏమై ఉంటుందన్న ప్రశ్నను ఆయన లేవనెత్తారు. అదే ఏడాది లండన్‌లోని నాటింగ్ హిల్ ప్రాంతంలో జాతి అల్లర్లు జరిగాయని తెలిసిన ప్రేక్షకులకు అది కేవలం కల్పనగా తోచి ఉండదు. సామాన్యుల కష్టాలను నిరంతరం చిత్రీకరించి వినోదంగా చూపే టెలివిజన్‌ను కూడా ఆయన 1968లోనే ఒక నాటకంలో ఊహించారు. నీల్ 2006లో మరణించారు.