నాటకాన్ని సినిమా చేయడం కూడా ఒక ఉద్యోగమేనా?

ప్రశ్న: మాది తెనాలి. మా అమ్మాయి బి.ఎ. రెండో సంవత్సరం చదువుతోంది. ఇంటర్ నుంచీ పరిషత్తు నాటికల్లో వేషాలు వేస్తోంది, ఈ మధ్య రాయడం కూడా మొదలుపెట్టింది. మంచి నాటకాలను సినిమాలుగా మార్చే పని చేస్తానని పట్టుబడుతోంది. అలాంటి ఉద్యోగం ఉంటుందా? ఏ కోర్సు చదివించాలి? నేను బి.ఇడి. చేయమంటే వినడం లేదు. నాటకాలంటే నాకూ ఇష్టమే, చిన్నప్పుడు తెల్లవార్లూ పద్యనాటకాలు చూసినవాణ్ణే. అయినా కూతురి భవిష్యత్తు కదా, భయంగా ఉంది.

జవాబు: ఆ పేరుతో ఉద్యోగం ఎక్కడా లేదండీ. నాటకాన్ని సినిమాగా మార్చేవారు కావలెను అని ఏ నిర్మాణ సంస్థా ప్రకటన ఇవ్వదు. కానీ ఆ పని మాత్రం ఉంది, తెలుగు సినిమా పుట్టిన రోజు నుంచీ ఉంది. 1932లో వచ్చిన మన తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’ సురభి వారు ఆడుతున్న నాటకం నుంచి పుట్టిందే. 1939 నాటి ‘వరవిక్రయం’ కాళ్ళకూరి నారాయణరావు గారి నాటకం. భానుమతి గారు తెరకు పరిచయమైంది అందులోనే. పింగళి నాగేంద్రరావు, ఆత్రేయ, డి.వి. నరసరాజు, గణేశ్ పాత్రో, తనికెళ్ళ భరణి, వీరంతా ముందు నాటకాలు రాసి ఆ తర్వాత సినిమాకు వచ్చినవారే. కాబట్టి మీ అమ్మాయిది వింత కోరిక కాదు. జీతం ఇచ్చే చోట ఈ పనికి స్క్రీన్‌ప్లే రచయిత, మాటల రచయిత, దర్శకత్వ శాఖలో సహాయకురాలు అని వేరే పేర్లు ఉంటాయి, అంతే.

కోర్సు సంగతి తర్వాత చెబుతాను. ఈ పనిలో అసలు నేర్చుకోవలసింది ఏమిటో ముందు మీ ఇద్దరికీ తెలియాలి. అది తెలియకుండా లక్షలు పోసి చేరే వారినే ఎక్కువగా చూస్తుంటాను.

‘కన్యాశుల్కం’ మొదటి రంగం తీసుకోండి. విజయనగరంలో బొంకులదిబ్బ, సాయంకాలం, గిరీశం ఒక్కడే వచ్చి తనలో తాను మాట్లాడుకుంటాడు. సంతలో సామాన్లు కొనిపెడతానని పూటకూళ్ళమ్మ దగ్గర 20 రూపాయలు తీసుకుని సొంత సరదాలకు ఖర్చుపెట్టిన సంగతి ఆ మాటల్లోనే తెలుస్తుంది. ఊళ్లో ఇక తన పప్పులు ఉడకవనీ తెలుస్తుంది. రంగస్థలం మీద ఇది చాలా బాగుంటుంది. సంతకు వెళ్లి చూపించడం కుదరదు కాబట్టి, జరిగిపోయినదంతా నటుడి నోటి నుంచే రావాలి. కెమెరాకు ఆ ఇబ్బంది లేదు. పూటకూళ్ళమ్మ చెంగు ముడి విప్పి డబ్బు లెక్కపెట్టి ఇవ్వడం ఒక షాటు. వీధి మలుపులో అప్పులవాడు కనబడగానే గిరీశం చుట్ట ఆర్పి సందులోకి తిరగడం ఇంకో షాటు. ఒక్క మాట అక్కర్లేదు.

అలాగని స్వగతం మొత్తం కత్తిరిస్తే గిరీశమే మిగలడు. ఆ మనిషి ఉన్నదంతా నాలుకలోనే. కాబట్టి ఏది తీయాలి, ఏది ఉంచాలి అన్నదే ఈ వృత్తి. నాటకంలో సంభాషణ రెండు పనులు చేస్తుంది. జరిగింది చెబుతుంది, మాట్లాడే మనిషి స్వభావం చూపిస్తుంది. మొదటి పనిని సినిమాలో బొమ్మకు అప్పగించవచ్చు. రెండోదాన్ని ముట్టుకుంటే నాటకం చచ్చిపోతుంది. ఈ రెండూ ఒకే వాక్యంలో కలిసి ఉన్నచోట విడదీయడానికి చెయ్యి తిరగాలి. మీ అమ్మాయికి ఆ చెయ్యి ఉందో లేదో ఏ ప్రవేశ పరీక్షా చెప్పదు.

1955లో పి. పుల్లయ్య గారు ‘కన్యాశుల్కం’ తీసినప్పుడు ఎన్.టి. రామారావు గిరీశం, సావిత్రి మధురవాణి. ఏడంకాల నాటకాన్ని కుదించక తప్పదు. అయినా వారు కోతలతో ఊరుకోలేదు. గురజాడ వేరేగా రాసిన పూర్ణమ్మ గేయకథను తెచ్చి అందులో కలిపారు. ముసలివాడికి అమ్ముడుపోయిన పిల్ల దుఃఖం నాటకంలో హాస్యం వెనక ఎక్కడో దాగి ఉంటుంది, ఆ పాటతో అది ఎదురుగా వచ్చి నిలబడింది. మూలాన్ని లోతుగా చదివిన వారికే అలాంటి కూర్పు తడుతుంది. మీ అమ్మాయిని నాటకం చదివి, ఆ సినిమా చూసి, ఏది పోయింది, ఏది చేరింది, ఎందుకు అన్నది రాయమనండి. ఏ ఫిల్మ్ స్కూలులోనైనా మొదటి సంవత్సరంలో చేయించవలసిన పని ఇదే.

నాటకాన్ని నాలుగు గోడల మధ్య నుంచి బయటికి తీసుకురావాలి, కొండలూ వాగులూ చూపించాలి అని చాలామంది అనుకుంటారు. అవసరం లేదు. టెలివిజన్ నాటకంగా మొదలై సిడ్నీ లూమెట్ చేతిలో 1957లో సినిమా అయిన ‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ దాదాపు మొత్తం ఒక్క గదిలోనే నడుస్తుంది. లూమెట్ మొదట్లో కెమెరాను కంటి మట్టానికి పైన పెట్టి వెడల్పు లెన్సులు వాడాడు. పోనుపోను కెమెరా కిందికి దిగింది, దూరాన్ని దగ్గరగా చూపే పొడవు లెన్సులు వచ్చాయి. చివరికొచ్చేసరికి గదిలో పైకప్పు కనబడటం మొదలవుతుంది, గోడలు దగ్గరికి జరిగినట్టు ఉంటుంది. ప్రేక్షకుడికి ఉక్కపోస్తుంది కానీ ఎందుకో తెలియదు. ఇదే కథను 1986లో బాసు చటర్జీ ‘ఏక్ రుకా హువా ఫైస్లా’గా హిందీలో తీశారు. ఇక ఫ్రెంచి నాటకకర్త ఫ్లోరియన్ జెల్లర్ తన నాటకాన్ని 2020లో ‘ది ఫాదర్’ పేరుతో తానే దర్శకత్వం వహించి తీశాడు. మతిమరుపు వచ్చిన ముసలాయన ఉండే ఇంట్లో కుర్చీలు, గోడల రంగులు మనకు తెలియకుండానే మారిపోతుంటాయి. దానికి ఉత్తమ అనుసరణ స్క్రీన్‌ప్లే ఆస్కార్ వచ్చింది. నాటకం రాసిన మనిషే కెమెరా పట్టుకున్నాడని మీ అమ్మాయికి ప్రత్యేకంగా చెప్పండి.

పాటల నాటకాలది మరో దారి. అమెరికా వారికి మ్యూజికల్‌ను సినిమా చేసేటప్పుడు ఒకటే బెంగ: మామూలు మనుషులు ఉన్నట్టుండి ఎందుకు పాడుతున్నారు? 1972లో ‘క్యాబరే’ తీసిన బాబ్ ఫాసీ దాదాపు పాటలన్నీ క్లబ్బు వేదిక మీదకే పరిమితం చేశాడు. బయట వినిపించేది ఒక్కటే, ఎండపూట తోటలో ఒక నాజీ కుర్రవాడు పాడేది. అందుకే అది వెన్నులో చలి పుట్టిస్తుంది. 2002 నాటి ‘షికాగో’లో పాటలను కథానాయిక ఊహల్లోకి నెట్టారు. మన ప్రేక్షకుడు ఆ ప్రశ్న జన్మలో అడగడు. మన చిక్కు వేరు, అది పద్యం. తిరుపతి వెంకట కవుల ‘బావా ఎప్పుడు వచ్చితీవు’ పద్యం మీరు నాటకాల్లో వినే ఉంటారు. రాగం తీసి, సాగదీసి, వన్స్‌మోర్ పడితే మళ్లీ అందుకుని, ఒక్క పద్యానికి ఎంతసేపైనా తీసుకునేవారు. అదే పద్యం 1967 నాటి ‘శ్రీకృష్ణావతారం’లో ఘంటసాల గొంతులో చూస్తుండగానే ముగుస్తుంది. రాగాలాపన తగ్గింది, అర్థం ముందుకొచ్చింది, ముఖాలు దగ్గరగా కనబడ్డాయి. తెనాలి పిల్లకు పద్యం వచ్చి ఉంటే అది పెద్ద ఆస్తి. సంగీత నాటకాన్ని తెరకెక్కించడం తెలిసినవారు ఇవాళ తెలుగులో వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది కూడా లేరని నా అభిప్రాయం.

గుజరాతీ, మరాఠీల్లో జనం టికెట్టు కొని నాటకం చూస్తారు, నిర్మాతలు అక్కడ కూర్చుని కథలు ఏరుకుంటారు. ‘కాంజీ విరుద్ధ్ కాంజీ’ అనే గుజరాతీ నాటకం 2012లో హిందీలో ‘ఓ మై గాడ్’ అయి, అక్కడి నుంచి 2015లో ‘గోపాల గోపాల’గా మన దగ్గరికి వచ్చింది. కుసుమాగ్రజ్‌గా పేరుపడ్డ వి.వి. శిర్వాడ్కర్ మరాఠీ నాటకం ‘నటసామ్రాట్’ 2016లో సినిమా అయితే, దాన్ని కృష్ణవంశీ 2023లో ‘రంగమార్తాండ’గా తీశారు. రెండూ ఇతర భాషల్లో నాటకాలే, రెండూ సినిమాగా మారాకనే మన కంట పడ్డాయి. ఇటు మన పరిషత్తుల్లో ఏటా కొత్త నాటికలు ఆడుతూనే ఉన్నారు. బహుమతి కప్పు తీసుకున్నాక ఆ స్క్రిప్టులు బీరువాలోకి వెళ్లిపోతున్నాయి. ఒక నటిగా మీ అమ్మాయి వాటి మధ్యే తిరుగుతోంది. సినిమా వారికి లేని సౌకర్యం ఇది.

హక్కుల విషయం దగ్గర కొంచెం నిదానంగా చదవండి, ఇందులో మీరు తండ్రిగా నిజంగా సాయపడగలరు. మన దేశంలో రచయిత మరణించిన మరుసటి సంవత్సరం నుంచి 60 ఏళ్ల వరకు కాపీరైట్ ఉంటుంది. గురజాడ 1915లో, కాళ్ళకూరి 1927లో, చిలకమర్తి 1946లో పోయారు. వారి నాటకాలను ఎవరైనా తీయవచ్చు. ఆత్రేయ 1989లో పోయారు కాబట్టి ఆయన నాటకాలకు 2049 చివరి దాకా వారసుల అనుమతి కావాలి. అనువాదానికి మళ్లీ వేరే హక్కు ఉంటుంది. బెర్నార్డ్ షా 1950లో పోయాడు, ఆయన ‘పిగ్మేలియన్’ నాటకం మనకు స్వేచ్ఛగా దొరుకుతుంది. దాని మీద కట్టిన సంగీత నాటకం ‘మై ఫెయిర్ లేడీ’ పాటలు మాత్రం దొరకవు, వాటి రచయిత 1986 దాకా బతికాడు. హక్కు తీరినంత మాత్రాన దారి సాఫీ అనీ కాదు. కాళ్ళకూరి వారి ‘చింతామణి’ ప్రదర్శనను 2022 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం నిషేధించింది.

బతికున్న రచయిత దగ్గర నాటిక తీసుకుంటే నోటి మాట చాలదు, హక్కు బదిలీ రాతపూర్వకంగా ఉండాలి. గడువు రాయకపోతే ఐదేళ్లు అనీ, ప్రాంతం రాయకపోతే భారతదేశం వరకే అనీ చట్టం లెక్కిస్తుంది. ఇక తన కథ చెప్పుకోవడానికి వెళ్లేటప్పుడు ఇంకా జాగ్రత్త. ఆర్.జి. ఆనంద్ అనే నాటకకర్త తన ‘హమ్ హిందుస్తానీ’ని సినిమా వారికి వినిపించాడు. తర్వాత వచ్చిన ‘న్యూ ఢిల్లీ’ చిత్రం తన నాటకమేనని కోర్టుకెక్కాడు. 1978లో సుప్రీంకోర్టు ఆయన వాదన ఒప్పుకోలేదు. ప్రాంతీయ దురభిమానం అనే ఇతివృత్తం ఎవరి సొత్తూ కాదనీ, దాన్ని చెప్పిన తీరుకే రక్షణ ఉంటుందనీ తేల్చింది. కాబట్టి మీ అమ్మాయి ఆలోచనలు చెప్పి రాకూడదు. పూర్తిగా రాసి, రచయితల సంఘంలో నమోదు చేయించి, ఎవరికి ఏ రోజు పంపిందో ఈమెయిలులో ఉంచుకోవాలి.

చదువు సంగతి. డిగ్రీ ఎట్టి పరిస్థితుల్లోనూ పూర్తి చేయాలి. పుణెలోని ప్రభుత్వ సినిమా శిక్షణ సంస్థ ఎఫ్.టి.ఐ.ఐ. నడిపే స్క్రీన్ రైటింగ్ కోర్సుకైనా, ఢిల్లీలోని జాతీయ నాటక విద్యాలయం ఎన్.ఎస్.డి. ఇచ్చే మూడేళ్ల డిప్లొమాకైనా డిగ్రీ ఉండాలి. ఎన్.ఎస్.డి. వారు నాటకాల్లో పనిచేసిన అనుభవం కూడా అడుగుతారు, కాబట్టి ఆడిన ప్రతి నాటిక కరపత్రం, సర్టిఫికెట్ దాచమనండి. దగ్గరలో అయితే హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో, విశాఖలోని ఆంధ్రా యూనివర్సిటీలో రంగస్థల కళల శాఖలు ఉన్నాయి. నన్నడిగితే ముందు రంగస్థలంలో పి.జి., ఆ తర్వాత సినిమా. తిరగేసి వెళ్లిన వారికి నటుడితో మాట్లాడటం రాదు. ప్రైవేటు ఫిల్మ్ స్కూళ్లకు అప్పు చేసి పంపకండి. అవి చెడ్డవని కాదు, ఈ వృత్తిలో మొదటి ఐదారేళ్ల రాబడితో నెలవాయిదాలు కట్టడం కష్టం.

ఆ రాబడి మాటా దాచను. కథా చర్చల్లో కూర్చునే కొత్తవారికి డబ్బు ఎప్పుడు వస్తుందో, పేరు తెర మీద పడుతుందో లేదో చెప్పలేము. ఈలోగా తిండి పెట్టేవి ఓటీటీల డబ్బింగ్ మాటలు, సబ్‌టైటిళ్లు, సీరియల్ సంభాషణలు, ఆడియో కథలు. వీటిలో డబ్బింగ్ మాటలు రాయడం మంచి సాధన కూడా. నటుడి పెదవి కదిలినంతసేపే మాట ఉండాలి కాబట్టి అనవసరమైన పదం తనంతట తానే రాలిపోతుంది. నాటకాలను మూడు కెమెరాలతో శుభ్రంగా చిత్రీకరించి ఇవ్వడమూ ఒక పనే. లండన్ నేషనల్ థియేటర్ 2009 నుంచి తన నాటకాలను సినిమా హాళ్లలో చూపిస్తోంది. మన పరిషత్తులు ఇప్పటికీ వెనక వరసలో ఒక్క కెమెరా పెట్టి, మాట వినబడీ వినబడనట్టు యూట్యూబులో వదులుతున్నాయి.

బి.ఇడి. గురించి మీరు గొడవపడటం ఆపండి. అది ఎప్పుడైనా చేయవచ్చు, బడిలో నాటకం నేర్పగల టీచరుకు విలువా ఉంది. ఈ రెండేళ్లలో మాత్రం ఆమె రెండు స్క్రిప్టులు పూర్తి చేయాలి: ఒకటి హక్కులు తీరిన పాత నాటకంలోని ఏదైనా అంకం, రెండోది తెలిసిన రచయిత దగ్గర కాగితం రాయించుకుని తీసుకున్న నాటిక. రెండోదాన్ని స్నేహితులతో ఫోను కెమెరాతోనే ఇరవై నిమిషాల చిత్రంగా తీయనివ్వండి. ఎడిటింగ్ తానే చేయాలి. తను ముచ్చటపడి రాసుకున్న డైలాగు ఎక్కడ అడ్డుపడుతుందో అక్కడే తెలుస్తుంది. తీశాక సినిమా పిచ్చి ఉన్న స్నేహితులకు కాకుండా మీలాంటి పాత నాటకాల ప్రేక్షకులు నలుగురికి చూపించమనండి. ఏ మాట లేకపోయినా ఫరవాలేదనిపించిందో, ఏ మాట కోసం ఎదురుచూశారో కాగితం మీద రాసి ఇవ్వండి. దరఖాస్తులు పెట్టే సమయానికి ఆ చిత్రమూ, ఆ రెండు స్క్రిప్టులూ చేతిలో ఉంటే, ఏ సంస్థకు పంపాలో అప్పుడు మళ్లీ రాయండి.