టెక్ సందేహాలు: ఆయుధాలు బాగున్నా రెయిడ్ బాస్ ఎందుకు చావడం లేదు?

ప్రశ్న: మేం ఆరుగురం కలిసి డెస్టినీ 2 అనే ఆన్‌లైన్ షూటింగ్ గేమ్ ఆడుతున్నాం. వాల్ట్ ఆఫ్ గ్లాస్ రెయిడ్‌లో (ఆరుగురు కలిసి ఆడే పెద్ద మిషన్) చివరి బాస్, అంటే పెద్ద శత్రువు, ఏథియాన్ దాకా ప్రతిసారీ చేరుకుంటున్నాం గానీ, మూడు వారాలుగా అక్కడే ఆగిపోతున్నాం. అందరి దగ్గరా మంచి ఆయుధాలే ఉన్నాయి. ఎవరు ఏ పని చేయాలో, డ్యామేజ్ ఎలా పెంచుకోవాలో చెప్పగలరా?

జవాబు: మొదటి డెస్టినీలో 2014లో వచ్చిన ఈ రెయిడ్‌ను బంగీ సంస్థ 2021 మే నెలలో డెస్టినీ 2లోకి తిరిగి తెచ్చింది. అప్పటి నుంచి ఎన్నో కొత్త రెయిడ్‌లు వచ్చినా, జట్టులో సమాచారం ఒకరి నుంచి ఒకరికి ఎలా చేరాలో నేర్చుకోవడానికి ఏథియాన్ పోరాటం కంటే మంచి బడి లేదని నా అభిప్రాయం. పోరు మొదలయ్యాక ఏథియాన్ మీలో ముగ్గురిని వీనస్‌కో మార్స్‌కో, వేరే కాలంలోకి పంపేస్తుంది. లోపలికి వెళ్లినవారు తాము ఎక్కడ ఉన్నదీ చెబితే తప్ప, ఏ ద్వారం తెరవాలో బయటివారికి తెలియదు. ఒరాకిల్‌లు (వరుసగా కాల్చాల్సిన వెలిగే లక్ష్యాలు) ఏ వరుసలో వెలుగుతున్నాయో బయటివారు చెబితే తప్ప, దేన్ని ముందు కాల్చాలో లోపలివారికి తెలియదు. ఒకరి కళ్లతో మరొకరు చూడాల్సిన పోరాటం ఇది. ఇక్కడ తప్పిన ప్రతి మాటకూ ఆ తరువాత వచ్చే డ్యామేజ్ ఫేజ్‌లో (బాస్‌ను దెబ్బతీయడానికి దొరికే కొద్ది సమయం) మూల్యం చెల్లించాల్సి వస్తుంది.

చాలా జట్లు చేసే మొదటి పొరపాటు, లోపలి పనిని ముగ్గురు నిపుణులకు, బయటి పనిని మిగతా ముగ్గురికి శాశ్వతంగా అప్పగించడం. ఏథియాన్ ఎవరిని పంపుతుందో ముందుగా తెలియదు కాబట్టి, ఆ ఏర్పాటు మొదటి విడతలోనే చెదిరిపోతుంది. మనుషులకు కాకుండా స్థానాలకు పని కేటాయించండి. ఆరుగురికీ ఒకటి నుంచి ఆరు వరకు సంఖ్యలు ఇచ్చి, లోపలికి వెళ్లిన ముగ్గురిలో చిన్న సంఖ్య ఉన్నవారు ఏజిస్ కవచాన్ని అందుకోవాలని, బయట మిగిలిన ముగ్గురిలో చిన్న సంఖ్య ఉన్నవారు ఒరాకిల్‌ల వరుస చదవాలని, మిగిలిన ఇద్దరూ ద్వారం పని, చిన్న శత్రువుల పని చూడాలని ముందే ఒప్పందం చేసుకోండి. అలా చేస్తే ఎవరు ఎటు వెళ్లినా "ఇప్పుడు కవచం ఎవరు తీసుకుంటారు?" అన్న చర్చకు తావుండదు. ఆరుగురికీ రెండు పనులూ రావాలి. ఇందులో మినహాయింపు లేదు.

ఆ తరువాత కాల్‌అవుట్‌ల, అంటే ఆటలో ఒకరికొకరు అరిచి చెప్పుకునే చిన్న మాటల సంగతి. ఒరాకిల్‌ల స్థానాలకు మీ జట్టు ఏ పేర్లు పెట్టుకున్నా పరవాలేదు గానీ, ప్రతి స్థానానికీ ఒకే పేరు ఉండాలి, అది ఒకటి రెండు అక్షరాలకు మించకూడదు, ఏ రెండు పేర్లూ వినడానికి దగ్గరగా ఉండకూడదు. "ఎడమవైపు వెనకాల పైన ఉంది కదా, అది" అని చెప్పేలోగా తరువాతి ఒరాకిల్ వెలుగుతుంది. మా జట్టు ఒకప్పుడు రాత్రంతా విఫలమైంది, కారణం వెతికితే ఇద్దరు ఒకేసారి వరుస చదువుతున్నారని తేలింది; ఇద్దరూ సరిగ్గానే చదివారు, కానీ ఒకరి మాట మరొకరి మాటను మింగేసింది. వరుస చదివేటప్పుడు మిగిలిన ఐదుగురూ మౌనంగా ఉండాలన్న ఒక్క నియమం పెట్టుకోగానే ఆ దశ మాకు సులువైంది.

ఇక మీరు ప్రత్యేకంగా అడిగిన డ్యామేజ్ గురించి. ఇందుకు ఒక లెక్క చూద్దాం. ఇవి ఆటలోని అసలు అంకెలు కావు, విషయం స్పష్టంగా కనిపించడానికి తీసుకున్నవి. బాస్ ఆరోగ్యం 60 లక్షలు, డ్యామేజ్ ఫేజ్ 30 సెకన్లు, మూడు ఫేజ్‌లలో చంపాలని మీ లక్ష్యం అనుకుందాం. ఒక్కో ఫేజ్‌కు 20 లక్షలు, ఒక్కొక్కరికి సుమారు 3.33 లక్షలు, అంటే సెకనుకు దాదాపు 11,100 చొప్పున డ్యామేజ్ చేయాలి. ఇప్పుడు మీలో ఒకరు పదో సెకనులో చనిపోయారనుకోండి. మిగిలిన 20 సెకన్లలో ఆ లోటు పూడ్చాలంటే బతికున్న ఐదుగురూ తమ వేగాన్ని 20 శాతం పెంచుకోవాలి. పైగా ఎవరో ఒకరు కాల్పులు ఆపి పడిపోయినవారిని లేపడానికి వెళితే, ఆ కొన్ని సెకన్లపాటు ఇద్దరి డ్యామేజ్ పోయినట్టే. ఆయుధాన్ని మార్చి 20 శాతం సంపాదించడం ఎంత కష్టమో మీకు తెలుసు. ప్రాణం కాపాడుకుని అదే 20 శాతాన్ని నిలబెట్టుకోవడం అంతకంటే చాలా తేలిక. అందుకే పక్కవారి కంటే కొంచెం తక్కువ డ్యామేజ్ చేసినా చివరి సెకను వరకూ నిలబడే ఆటగాడినే నేను జట్టులోకి ముందుగా తీసుకుంటాను. డ్యామేజ్ ఫేజ్‌లో ఎవరి మీదైనా పేలుడు గుర్తు పడితే వారు వెంటనే గుంపు నుంచి దూరంగా జరగాలి. చివరి రెండు తూటాల కోసం ఆగితే ఆరుగురూ కలిసి పోతారు.

బఫ్‌లు, డీబఫ్‌ల విషయంలో కూడా చాలామంది లెక్క తప్పుతారు. మీ డ్యామేజ్‌ను పెంచే బఫ్ ఒకటి, శత్రువును బలహీనపరిచే డీబఫ్ ఒకటి ఉంటే, ఆ రెండూ గుణించుకుంటాయి. బఫ్ 25 శాతం, డీబఫ్ 30 శాతం అయితే 1.25ను 1.30తో గుణిస్తే 1.625 వస్తుంది, అంటే 62 శాతానికి పైగా లాభం. కానీ ఒకే రకం బఫ్‌లు గానీ డీబఫ్‌లు గానీ రెండు వేస్తే సాధారణంగా వాటిలో పెద్దదే పనిచేస్తుంది, రెండోది వృథా అవుతుంది. ఇద్దరు హంటర్లు (ఆటలో ఒక రకం పాత్రలు) ఒకేసారి శత్రువును బలహీనపరిచే షాడోషాట్ వేయడం, ఇద్దరు వార్‌లాక్‌లు (మరో రకం పాత్రలు) ఒకే క్షణంలో జట్టుకు బలమిచ్చే వెల్ ఆఫ్ రేడియన్స్ వేయడం అందుకే నష్టం. ఒకరిది ముగుస్తుండగా మరొకరిది మొదలవాలి. ద్వారం నుంచి అందరూ తిరిగి వచ్చాక లభించే టైమ్స్ వెంజెన్స్ బఫ్ వల్ల శక్తులు వేగంగా తిరిగి నిండుతాయి కాబట్టి, సూపర్‌ను (పాత్రకున్న అతిపెద్ద శక్తిని) ఆఖరి క్షణం కోసం దాచుకోకుండా ఫేజ్ మొదట్లోనే వాడేయండి.

ఆయుధాల ఎంపికలో నేను చూసేది ఒక్కటే: మీ దగ్గరున్న హెవీ తూటాలు (అత్యంత శక్తిమంతమైన ఆయుధాలవి) ఆ ఫేజ్ ముగిసే సమయానికి అయిపోవాలి. ముందే అయిపోతే ఆయుధం మరీ తొందరపాటుది. సగం మిగిలిపోతే మరీ నెమ్మదిది. వీడియోల్లో కనిపించే డీపీఎస్ (సెకనుకు చేసే డ్యామేజ్) పట్టికలు రీలోడ్‌లో పొరపడని, గురి తప్పని ఆటగాడిని ఊహించుకుని చేసినవి. మీ చేతిలో అలవాటైన ఆయుధం ఆ పట్టికలో మూడో స్థానంలో ఉన్నా మీకు అదే మేలు.

ప్రశ్న: మా జట్టులో ఒకరిది ప్లేస్టేషన్. రెయిడ్ మధ్యలో వారి గొంతు మాలో ఇద్దరికి మాత్రమే వినిపించదు, మిగిలినవారికి బాగానే వినిపిస్తుంది. మైక్ మార్చినా ప్రయోజనం లేదు.

జవాబు: అందరికీ వినిపించకపోతే మైక్‌ను అనుమానించాలి, కొందరికే వినిపించకపోతే నెట్‌వర్క్‌ను అనుమానించాలి. ఈ ఆటలో సంస్థ సర్వర్లతో పాటు, ఆటగాళ్ల పరికరాలు ఒకదానితో ఒకటి నేరుగా కూడా సమాచారం ఇచ్చిపుచ్చుకుంటాయి. రౌటర్‌లోని నాట్ అమరిక (ఇంట్లోని పరికరాలను ఒకే బయటి చిరునామాతో ఇంటర్నెట్‌కు కలిపేది) కఠినంగా ఉంటే కొన్ని జంటల మధ్య ఆ నేరు దారి తెరుచుకోదు. ప్లేస్టేషన్ సెట్టింగ్స్‌లో ఇంటర్నెట్ కనెక్షన్ పరీక్ష నడిపి నాట్ టైప్ చూడండి. టైప్ 3, అంటే కఠినమైనది అని వస్తే రౌటర్‌లో యూపీఎన్‌పీ (పరికరాలు తమకు కావలసిన దారిని తామే తెరిపించుకునే సౌకర్యం) ఆన్ చేసి, రౌటర్‌ను, కన్సోల్‌ను రెండింటినీ రీస్టార్ట్ చేయండి. మోడెమ్‌లోనే ఒక రౌటర్ ఉండి, దాని వెనుక మీరు మరో రౌటర్ పెట్టుకుని ఉంటే రెండు నాట్‌లు ఏర్పడతాయి. అప్పుడు ఒకదాన్ని బ్రిడ్జ్ మోడ్‌లో (రౌటర్ పని మానేసే అమరికలో) పెట్టాలి. ఈలోగా రెయిడ్ ఆగకూడదనుకుంటే, ఆరుగురూ ఆటలోని వాయిస్ చాట్ వదిలేసి డిస్కార్డ్ అనే చాట్ యాప్‌లో ఒకే చానల్‌కు మారండి. అందులో మాటలు సర్వర్ల ద్వారా వెళతాయి కాబట్టి నాట్ బెడద సాధారణంగా ఉండదు. వీలైతే వైఫైకి బదులు కేబుల్ వాడండి.

ప్రశ్న: వైప్ అయిన (జట్టంతా చనిపోయి మళ్లీ మొదలుపెట్టాల్సిన) ప్రతిసారీ తప్పు ఎవరిదన్న వాదనతోనే సమయం పోతోంది. దీనికి సాఫ్ట్‌వేర్ పరిష్కారం ఏమైనా ఉందా?

జవాబు: ఉంది, అది మీ పరికరంలోనే ఉంది. విండోస్‌లో గేమ్ బార్ సెట్టింగ్స్‌లో బ్యాక్‌గ్రౌండ్ రికార్డింగ్ ఆన్ చేసుకుంటే, విండోస్, ఆల్ట్, జి మీటలు కలిపి నొక్కగానే అప్పటికి జరిగిన చివరి క్షణాలు వీడియోగా భద్రమవుతాయి. మొదట్లో ఇది 30 సెకన్లకే అమర్చి ఉంటుంది. రెండు నిమిషాలకు పెంచుకోండి, ఎందుకంటే వైప్‌కు అసలు కారణం తరచూ అంతకు నిమిషం ముందే ఉంటుంది. ప్లేస్టేషన్ 5లో క్రియేట్ బటన్ ద్వారా ఇప్పటిదాకా ఆడిన ఆటను భద్రపరచుకోవచ్చు. రికార్డింగ్‌లో జట్టు మాటలు కూడా వచ్చేలా సెట్టింగ్ చూసుకోవడం మరవకండి. మాట వినిపించని వీడియో ఒరాకిల్‌ల దశలో ఎందుకూ కొరగాదు. చూసేటప్పుడు ఎవరు చనిపోయారన్నది కాకుండా, మొదటి మరణానికి ముందు ఏ మాట ఆలస్యమైందో, ఏ మాట రాలేదో వెతకండి. పాత కంప్యూటర్‌లో రికార్డింగ్ వల్ల ఫ్రేమ్‌లు తగ్గితే, ఆరుగురిలో అందరికంటే మంచి యంత్రం ఉన్న ఒక్కరు మాత్రం రికార్డ్ చేస్తే సరిపోతుంది.