చుక్కల కళ్ల ఈగ పేరు ఎరిస్టాలిసా, ఎరిస్టాలినసా?

బంతిపూల మీద వాలే ఒకే ఈగకి ఒకచోట ఎరిస్టాలిస్ అర్వోరమ్, ఇంకోచోట లాథిరాఫ్తాల్మస్ అర్వోరమ్, మరోచోట ఎరిస్టాలినస్ అర్వోరమ్ అని ఉంది, ఏది రాయాలి అని ఫొటో పెట్టి అడిగారు. ఎరిస్టాలినస్ అనే రాయండి. 1787లో ఫాబ్రీషియస్ అనే కీటక శాస్త్రవేత్త దీన్ని సిర్ఫస్ అనే ప్రజాతిలో (దగ్గరి జాతుల గుంపులో) పెట్టాడు. తర్వాత ఎరిస్టాలిస్‌లోకి, 1897లో మిక్ అనే ఇంకో శాస్త్రవేత్త పెట్టిన లాథిరాఫ్తాల్మస్‌లోకి మారింది. ఇప్పుడు ఆ లాథిరాఫ్తాల్మస్‌ని 1845లో రొండానీ అనే శాస్త్రవేత్త పెట్టిన ప్రజాతి ఎరిస్టాలినస్‌లోనే కలిపేశారు. మంచి పని చేశారు.

విశాఖ ఆరిలోవలో మా పెరటి సిమెంటు తొట్టిలో ఒక వానాకాలం ఆకులు కుళ్లి నీళ్లు నల్లబడ్డాయి. చూస్తే తోకపురుగులు, అంటే ఈ రకం ఈగల పిల్లలు! అది తోక కాదు, ఊపిరి గొట్టం. ఒళ్లు అడుగున ఉంచి, గొట్టాన్ని పైకి చాపి గాలి పీలుస్తాయి. పక్కింటి పిన్నిగారు ఫినాయిల్ సీసా పట్టుకొచ్చేశారు. "డెంగీ వస్తాదమ్మా, పోసెయ్" అని ఒకటే టెన్షన్. "ఇవి దోమపిల్లలు కావు పిన్నిగారూ" అని బతిమాలి, కొన్నిటిని తడిమట్టి డబ్బాలోకి మార్చి, మూతికి దోమతెర కట్టి, తొట్టి ఒంపేశాను. అవి మట్టిలో దూరి గట్టిపడ్డాయి. ఒక పొద్దున ఈగ బయటికొచ్చింది. పసుపు కళ్ల నిండా ముదురు చుక్కలు. పిన్నిగారే ముందు చూసి, "పిట్టగుడ్డులా ఉన్నాయే కళ్లు!" అన్నారు.

ఎరిస్టాలినస్‌కి ఆ కళ్లే గుర్తు. తోకపురుగు దశ, రెక్కలో లోతుగా ఒంగిన ఈనె, రెండూ ఎరిస్టాలిస్‌కీ ఉన్నాయి కాబట్టి వాటితో తేలదు. ఎరిస్టాలిస్‌లోని టెనాక్స్ అనే జాతి కళ్ల మీద కూడా నిలువు గీతలు కనిపిస్తాయి గానీ అవి వెంట్రుకల వరసలు, కంటి రంగు కాదు. చుక్కలవాటికి ఒక ప్రజాతి, చారలవాటికి ఎరిస్టలోడెస్ అని ఇంకొకటి విడగొట్టే పద్ధతి నాకు అస్సలు నచ్చదు. ఒకే ప్రజాతిలో ఉపప్రజాతులుగా ఉంచితే చాలు.

ఫోన్ ఆప్‌లు చెప్పే పేరు నమ్మకండి. పూల మీద వాలిందల్లా తేనెటీగ అని పిల్లలకి చెప్పేవాళ్లని చూస్తే బాధేస్తుంది. తేనెటీగకి నాలుగు రెక్కలు, దీనికి రెండే! పువ్వు మీదున్నప్పుడే మందు కొట్టేవాళ్ల సంగతి సరేసరి.

ఈసారి ఫొటో పైనుంచి వీపుకి కాకుండా, పక్కనుంచి కళ్లు కనిపించేలా తీసి పెట్టండి, చూసి చెబుతాను.