కుదించిన గేమ్ ఫైలును విప్పితే నేరమా?

ప్రశ్న: డబ్బు పెట్టి ప్లేస్టేషన్ 2 గేమ్ డిస్కులు పన్నెండు కొన్నాను. గీతలు పడతాయన్న భయంతో వాటిని కంప్యూటర్‌లోకి ఎక్కించి, చోటు సరిపోక సీఎస్ఓ ఫైళ్లుగా (డిస్కు ప్రతిని చిన్నదిగా కుదించి ఉంచే ఫైలు రకం) దాచుకున్నాను. ఇప్పుడు వాటిని మామూలు ఐఎస్ఓలుగా, అంటే కుదించని పూర్తి డిస్కు ప్రతులుగా, మార్చాలి. ఇది దొంగకాపీ కిందికి వస్తుందా? వాటిలో రెండు డిస్కులు ఈమధ్యే అమ్మేశాను.
- ఒక పాఠకుడు, వరంగల్

జవాబు: మడతపెట్టిన చీర విప్పితే కొత్త చీర అయిపోదు. సీఎస్ఓను ఐఎస్ఓ చేసినా అంతే, లోపలి గేమ్‌లో చుక్క కూడా మారదు. కానీ కాపీరైట్ చట్టానికి చీరల లెక్క పనికిరాదు. కంప్యూటర్‌లో మరో ఫైలుగా నిల్వచేస్తే దాని దృష్టిలో అదీ ప్రతి తీయడమే.

అయినా మీరు భయపడనక్కర లేదు. 1957 కాపీరైట్ చట్టంలోని 52వ సెక్షన్ మీలాంటి వారికి మినహాయింపు ఇచ్చింది. కంప్యూటర్ ప్రోగ్రామ్‌ను న్యాయంగా సంపాదించుకున్న వ్యక్తి అది పాడైపోకుండా బ్యాకప్ తీసుకోవచ్చు. సొంత వాడకానికి, వ్యాపారం కాకుండా, ప్రతులు చేసుకోవచ్చు. గేమ్‌లో ఉండే పాటలకు, దృశ్యాలకు వ్యక్తిగత వినియోగం కింద అదే సెక్షన్‌లో వేరే వెసులుబాటు ఉంది. ఫైలు పేరు చివర ఏ మూడక్షరాలున్నాయని ఎవరూ అడగరు. అసలు డిస్కు ఎక్కడిది అని అడుగుతారు. కాబట్టి డిస్కులను, పెట్టెలను, బిల్లులుంటే వాటినీ పారేయకండి.

ఆ ఐఎస్ఓలను పెన్‌డ్రైవ్‌లో వేసి స్నేహితులకు పంచారా, కథ మారుతుంది. 63వ సెక్షన్ కింద ఆరు నెలల నుంచి మూడేళ్ల వరకు జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల వరకు జరిమానా పడవచ్చు. లాభాపేక్ష లేదని తేలితే కోర్టు కారణాలు రాసి శిక్ష తగ్గించగలదు. ఆ దయను నమ్ముకుని పంచిపెట్టమని మాత్రం నేను చెప్పను.

ఇక అమ్మేసిన రెండు డిస్కులు. మీరు ఇంకా తేలిగ్గా తీసుకుంటున్నది వీటినే. డిస్కుతో పాటే దాన్ని ఆడుకునే హక్కూ కొన్నవారికి వెళ్లిపోయింది. ఇక మీ దగ్గరున్న ఫైలు దేనికి బ్యాకప్? నా అభిప్రాయంలో వాటికి మినహాయింపు వర్తించదు. మిగతా పదింటిని నిశ్చింతగా మార్చుకోండి. ఆ రెండింటిని మాత్రం మార్చకుండానే చెరిపేయండి, రీసైకిల్ బిన్‌లోంచి కూడా.