అమ్మలూ, ముందు ఆ నేల మీద నడువు

అమ్మలూ,

మీ ఇంటి వెనక పొలాల్లో రెండో ప్రపంచ యుద్ధం నాటి ఎయిర్‌ఫీల్డ్ ఉండేదని, దాని చరిత్ర రాస్తానని నువ్వు ఫోన్లో చెప్పావు. చాలా సంతోషమేసింది. ఇంగ్లండ్‌ వచ్చిన కొత్తలో నేనూ అలాంటిదాని వెంటపడి నాలుగేళ్ళు తిరిగాను. అందుకే ఈ ఉత్తరం.

విమానాల పేర్లతో, బాంబు దాడులతో మొదలుపెట్టకు. ముందు ఆ రైతు అనుమతి అడిగి నేల మీద నడువు. 1942లో ఖరారైన 'క్లాస్ ఎ' అనే ఎయిర్‌ఫీల్డ్ నమూనాలో మూడు రన్‌వేలు ఉండేవి. పెద్దది 2,000 గజాలు, మిగతా రెండూ 1,400 గజాల చొప్పున, వెడల్పు 50 గజాలు. గాలి ఎటు వీచినా విమానం ఎదురుగాలికే లేవాలి కదా, అందుకని మూడు. చుట్టూ తిరిగే దారి పెరిమీటర్ ట్రాక్. దాని నుంచి పక్కకు చీలిన కాంక్రీటు చప్టాల మీద విమానాలు నిలిపేవారు. ఒక్క దాడిలో అన్నీ పోకూడదని వాటిని దూరదూరంగా కట్టారు. సిబ్బంది బసలూ అంతే, రన్‌వేలకు దూరంగా పొలాల్లో చెదురుమదురుగా ఉండేవి. ఇది తెలిసి నడిస్తే కంచె పక్కన పడున్న కాంక్రీటు ముక్క కూడా తను దేనిలో భాగమో చెబుతుంది. మట్టి కప్పి దున్నేసిన చోట వానల్లేని వేసవిలో చూడు. కింద కాంక్రీటు మిగిలి ఉంటే దాని పైనున్న పైరే ముందు ఎండిపోతుంది.

తర్వాత లండన్‌లో క్యూ అనే చోట ఉన్న నేషనల్ ఆర్కైవ్స్‌కి వెళ్ళు. 'ఎయిర్ 28' వరుసలో స్టేషన్ డైరీలు, అంటే వైమానిక స్థావరాలవి, 'ఎయిర్ 27'లో స్క్వాడ్రన్ల డైరీలు, అంటే అక్కడి నుంచి ఎగిరిన విమాన దళాలవి ఉంటాయి. రెండూ చదవాల్సిందే. స్టేషన్ డైరీ రాసిన ఆఫీసరుకు ఓపిక లేకపోతే నెలంతా అరపేజీలో అయిపోతుంది. స్క్వాడ్రన్ డైరీలోని 541 నంబరు ఫారంలో మాత్రం ఏ విమానంలో ఎవరు వెళ్ళారో, ఎన్నింటికి లేచిందో, తిరిగొచ్చిందో లేదో ఉంటుంది.

తేదీల దగ్గర చాలా జాగ్రత్త. రాత్రి పదికి లేచిన విమానం తెల్లవారుజామున కూలితే, డైరీలో ఒక తేదీ, సమాధి మీద మరుసటి రోజు తేదీ ఉండొచ్చు. నేను ఆ సంగతి గమనించక ఒకే ప్రమాదాన్ని రెండుగా రాసేశాను. చనిపోయిన కుర్రాడి చెల్లెలు, అప్పటికే పెద్దావిడ, ఉత్తరం రాసి సరిదిద్దింది. ఇప్పటికీ తలచుకుంటే బాధగా ఉంటుంది. గడియారం సంగతి కూడా గుర్తుంచుకో. 1941 నుంచి యుద్ధకాలపు వేసవుల్లో బ్రిటన్ గడియారాలు గ్రీనిచ్ సమయం కన్నా రెండు గంటలు ముందుండేవి. ఊరి పెద్దలు చెప్పే సమయానికీ, గ్రీనిచ్ లెక్కన రాసిన కాగితానికీ తేడా వస్తే వాళ్ళు అబద్ధం చెబుతున్నారని వెంటనే అనుకోకు.

పైలట్ల గురించి అందరూ రాస్తారు. పారాచూట్లు మడిచిన అమ్మాయిల గురించీ, చలిలో ఆరుబయట ఇంజిన్లు బాగుచేసిన మెకానిక్‌ల గురించీ, రన్‌వే కోసం పొలాలు ఇచ్చేసిన కుటుంబాల గురించీ నువ్వు అడుగు. డైరీల్లో వీళ్ళు కనిపించేది తక్కువ.

ఎక్కడైనా విమాన శకలం కనబడితే ముట్టుకోకు, తవ్వకు. 1986 నాటి చట్టం ప్రకారం కూలిన సైనిక విమానాల అవశేషాలకు రక్షణ ఉంది, రక్షణ శాఖ లైసెన్సు లేకుండా కదిలించకూడదు. లోపల మనుషులు ఉండిపోయిన సందర్భాలూ ఉన్నాయి.

చివరగా పేర్లు. బ్రిటన్ వైమానిక దళంలో బాంబర్ విమానాలు నడిపిన విభాగం, ఒక్క బాంబర్ కమాండ్‌లోనే 55,573 మంది వైమానిక సిబ్బంది చనిపోయారు. వాళ్ళలో వేలమంది శత్రువు కంట పడకుండానే, శిక్షణలోనే పోయారు. నీ జాబితాలో వాళ్ళను వదిలేయకు. యుద్ధంలో పోయినవాళ్ళ సమాధులను చూసుకునే కామన్‌వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్ రికార్డులతో ప్రతి అక్షరం సరిచూసుకో. ఆ పేజీ పూర్తవగానే నాకు పంపు, నేను కూడా ఒకసారి పోల్చి చూస్తాను.

ప్రేమతో,
మీ పెదనాన్న