గీసిన గీతా, పూసిన గీతా? పాత పూజాయంత్రాల భద్రతపై పాఠకుల ప్రశ్నలు

ప్రశ్న: మా తాతగారి తాటాకు కట్టలో యంత్రాలు, బీజాక్షరాలు ఉన్నాయి. చాలాచోట్ల గీతలు కనపడవు, కొన్ని ఆకులు అతుక్కుపోయాయి. కొబ్బరినూనె రాస్తే తేలతాయంటున్నారు. రాయవచ్చా?
– ఒక పాఠకుడు, అమలాపురం

జవాబు: వద్దు. కొబ్బరినూనె కొన్నాళ్లకు కనరెక్కి జిడ్డు కడుతుంది, దుమ్మును పట్టుకుంటుంది. ముందుగా గీత గంటంతో (ఇనుప మొన కలంతో) గీసిందో, సిరాతో పూసిందో తేల్చుకోండి. గదిలో దీపం ఆర్పి, టార్చిని ఆకు పక్కన ఆనించినట్టుగా పెట్టి వెలుగు అడ్డంగా పడనివ్వండి. నీడతో గాడి కనిపిస్తే గీసినదే. మన తాటాకు ప్రతులు ఎక్కువ ఇలాంటివే. గాడిలో నింపిన మసి రాలిపోయినా గాడి ఉంది కాబట్టి రాత పోయినట్టు కాదు. ఆ వెలుగులోనే ఫొటో తీసి పెట్టుకోండి; చాలాసార్లు చదవడానికి అదే చాలు, మసి పట్టించే పనే ఉండదు. గాడి లేకపోతే అది సిరా రాత. సన్నగా మెత్తగా ఉండే శ్రీతాళం అనే మరో రకం తాటి ఆకుల మీద ఇది కనిపిస్తుంది. దానికి తడి గానీ నూనె గానీ తగలనివ్వకండి.

గీసిన ఆకైతే మెత్తని కుంచెతో నార వెంబడి దుమ్ము దులపండి. ఈథైల్ ఆల్కహాలు, డిస్టిల్డ్ వాటరు సమపాళ్లలో కలిపి, దూదిని ముంచి గట్టిగా పిండి, ఒక మూల తుడిచి చూడండి. దూదికి నలుపు అంటితే పరవాలేదు. ఎరుపో పసుపో అంటితే యంత్రానికి రంగు వేశారన్నమాట, అక్కడితో ఆపేయండి. తుడిచిన ఆకు పూర్తిగా ఆరాక దీపపు మసిని నిమ్మగడ్డి నూనెతో పలచని ముద్దలా కలిపి గీతల మీద పూయండి. ఒకటి రెండు నిమిషాలాగి పొడి దూదితో తుడిస్తే పైమసి పోయి గాడిలోది నిలుస్తుంది. పూర్వం ఆకుపసరు కలిపేవారు గానీ, దాని తడి సరిగా ఆరకపోతే బూజు పడుతుంది.

యంత్రాలతో ఇంకో చిక్కుంది. తెలుగు అక్షరం గుండ్రన, త్రికోణపు అడుగు గీత తిన్నన. ఆ గీత నార వెంట సాగిన చోట గంటం మొన ఆకును సగం చీల్చే ఉంటుంది. పగుళ్లు మొదట అక్కడే వస్తాయి. ఆ చోట దూదితో అద్దాలే తప్ప తుడవకూడదు.

అతుక్కున్న ఆకుల మధ్య చాకు దూర్చకండి. గీసిన రాతే అని తేలితే, మూతున్న ప్లాస్టిక్ డబ్బాలో అడుగున తడిబట్ట పరిచి, పైన జల్లెడలాంటిది పెట్టి, దాని మీద కట్టను ఉంచండి. చెమ్మ తగలాలి, నీళ్లు తగలకూడదు. కొన్ని గంటలకొకసారి చూడండి, ఒక రోజు దాటనివ్వద్దు. మెత్తబడ్డాక పలచని వెదురు బద్దతో అంచు నుంచి నెమ్మదిగా విడదీయండి. రానంటే వదిలేయండి.

ప్రశ్న: పూజగదిలోని పాత రాగిరేకు యంత్రం పచ్చబడింది. చింతపండు, ఉప్పుతో తోమవచ్చా? దానికి రోజూ పంచామృతాభిషేకం చేస్తాం.
– ఒక పాఠకురాలు, వరంగల్

జవాబు: చెంబుకు చింతపండు సరే, యంత్రానికి కాదు. పులుపు తుప్పుతో పాటు కాస్త లోహాన్నీ తీసుకుపోతుంది, రుద్దుడు గాడి అంచులను అరగదీస్తుంది. లోతులేని బీజాక్షరాలే ముందు చెరిగేది. ఉప్పు ఇంకా చేటు: అందులోని క్లోరైడు గాడిలో మిగిలి రాగిని లోపల్నుంచి తింటుంది. పచ్చదనం ముదురుగా, నున్నగా, గట్టిగా ఉంటే అది రేకును కాపాడే పొరే, వదిలేయండి. లేతపచ్చ పొడిలా రాలుతూ, తుడిచినా మళ్లీ పుడుతుంటే మాత్రం క్లోరైడు రోగం. అప్పుడు డిస్టిల్డ్ వాటరుతో కడిగి, మెత్తని బట్టతో అద్ది, పూర్తిగా ఆరబెట్టి, చెమ్మ పీల్చే సిలికా జెల్ పొట్లాలు వేసిన గాలి చొరని డబ్బాలో ఉంచి, మ్యూజియంలో పాత వస్తువులను సంరక్షించేవారికి చూపించండి. రబ్బరు బ్యాండు వేయకండి, అందులోని గంధకం రాగిని నల్లబరుస్తుంది. పాలు, పెరుగు, తేనె పాత రేకు మీద పోయడం మానేయడమే మంచిది. అభిషేకానికి కొత్త రేకు చేయించుకోండి.

ప్రశ్న: తాయెత్తులో చుట్టిన రేకును విప్పి చూడవచ్చా?
– ఒక పాఠకుడు, కర్నూలు

జవాబు: విప్పకండి. పాత రేకు మడత దగ్గర పెళుసెక్కి ఉంటుంది, ఒక్కసారికే విరుగుతుంది.

ప్రశ్న: భూర్జపత్రం మీద అష్టగంధంతో రాసిన యంత్రాన్ని లామినేషన్ చేయిద్దామనుకుంటున్నాం.
– ఒక పాఠకురాలు, డల్లాస్

జవాబు: చేయించకండి. భూర్జపత్రం ఒకే పొర కాదు, బెరడు పొరల దొంతర. లామినేషన్ వేడికి పొరలు లేస్తాయి, ఆ ప్లాస్టిక్‌ను మళ్లీ తీయలేరు. ఇది పూసిన గీత, పైగా అష్టగంధంలోని కుంకుమపువ్వు రంగు నీళ్లలో కరుగుతుంది, వెలుగుకు వెలిసిపోతుంది. చేతి చెమట చాలు దాన్ని చెరపడానికి. ఆమ్లం లేని కాగితాల మధ్య, అట్టపెట్టెలో, చీకటిలో బల్లపరుపుగా ఉంచండి. చలికాలం హీటరు గాలి తగిలే అలమర వద్దు. గోడకు తగిలించాలనుంటే ఫొటో ప్రింటు తగిలించండి.

ప్రశ్న: పాత శ్రీచక్రానికి నకలు గీస్తున్నాను. మూలంలో తప్పున్నట్టుంది. దిద్దవచ్చా?
– ఒక పాఠకుడు, తెనాలి

జవాబు: ముందు లెక్కపెట్టండి. మధ్య త్రికోణం 1, దాని చుట్టూ 8, 10, 10, 14, మొత్తం 43. దళాలు 8, 16. లెక్క తప్పితే మసి పోయిన గీత ఏదైనా ఉందేమో పక్కవెలుగులో మళ్లీ చూడండి. బీజాక్షరాల్లోనూ ఇదే గొడవ: వత్తు సగం చెరిగితే క్లీం, క్రీం తేడా తెలియదు. అప్పటికీ తప్పే అనిపిస్తే ఉన్నదున్నట్టు గీసి, మీ సవరణ వేరే కాగితం మీద రాయండి. నకలును మూలం మీద పెట్టి ట్రేస్ చేయకండి, పెన్సిలు ఒత్తిడికి పెళుసు ఆకు పగులుతుంది. ఫొటో ప్రింటు మీదే చేయండి.

ప్రశ్న: కట్టలో వస కొమ్ములు వేశాం. అయినా సన్నని పొడి రాలుతోంది.
– ఒక పాఠకురాలు, విజయనగరం

జవాబు: వస ఘాటు కొత్త పురుగును రానివ్వదేమో గానీ లోపలున్నదాన్ని చంపదు. పొడి తాజాగా రాలుతోందంటే పురుగు తింటూనే ఉంది. గీసిన రాత ఉన్న పొడి కట్టనైతే బట్టలో చుట్టి, పాలిథిన్ సంచిలో గాలి తీసి మూసి, మైనస్ 18 డిగ్రీల డీప్ ఫ్రీజర్‌లో రెండు వారాలు ఉంచండి. బయటకు తీశాక ఒక రోజంతా సంచి విప్పకండి. తొందరపడితే చల్లని ఆకుల మీద గాలిలోని చెమ్మ నీరై కూర్చుంటుంది.