ఈల వేయని కుక్కర్

కర్నూలు

చిరంజీవికి ఆశీస్సులు.

కడప నుంచి నువ్వు పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను. పార్సిల్ ఆఫీసుకు మారుపేరుతో ఈమెయిల్ పెట్టి, ‘మా మేనత్తను పార్సిల్‌లో పంపవచ్చా, ఎంత బరువు వరకు తీసుకుంటారు’ అని అడిగావు. మొదటిసారి నవ్వాను. రెండోసారి గుమాస్తా జవాబు దగ్గర ఆగిపోయాను. ‘మనుషులను తీసుకోము సార్. పెద్దావిడైతే రాత్రి బస్సులో కింది బెర్తు చూడండి, ఎక్కడం సులువు’ అని రాశాడు పాపం. నీ వ్యాసంలో అన్నిటికన్నా మంచి వాక్యం అదే. అది నీది కాదు. దాని కిందే నువ్వు అతని అక్షరదోషాలు ఏరి చూపించావు. ఆ పేరా కొట్టెయ్యి. ఈసారి వెర్రివాడివి నువ్వే కావాలి.

ఉత్తరాలతో ఆకతాయితనం కొత్తదేమీ కాదు. 1810లో థియోడర్ హుక్ అనే రచయిత లండన్‌లోని బెర్నర్స్ వీధిలో ఒక ఇంటికి రమ్మంటూ ఊరందరికీ ఉత్తరాలు రాశాడు. బొగ్గు బండ్లు, కేకులు, వైద్యులు, చివరికి నగర మేయరు కూడా వచ్చిపడ్డారు. ఆయన ఎదుటింట్లో కూర్చుని చూశాడట. నాకు మాత్రం ఎప్పుడూ ఆ ఇంటి పనిమనిషే గుర్తొస్తుంది. రోజంతా తలుపు తీయడమే సరిపోయి ఉంటుంది. రాస్తే ఆమె వైపు నుంచి రాయాలి.

మొన్న వేసవిలో మా కుక్కర్ ఈల వేయడం మానేసింది. కంపెనీకి ఈమెయిల్ పెట్టాను. ‘సమస్య కనిపించేలా ఫొటో పంపండి’ అన్నారు. నేను వాదించలేదు. కుక్కర్‌ను వరండాలో పెట్టి ఫొటో తీసి, ‘ఇందులో ఇది ఈల వేయడం లేదు, గమనించగలరు’ అని రాశాను. ‘పక్క నుంచి కూడా ఒకటి’ అన్నారు. తీశాను. అటు నుంచి కూడా వేయడం లేదని సవినయంగా మనవి చేసుకున్నాను. మూడో రోజు ‘మీ సమస్య పరిష్కారమైంది’ అని ఫోనుకు సందేశం వచ్చింది. మా ఆవిడ ఆ ఫోను తీసుకెళ్లి కుక్కర్‌కు చూపించింది.

చూశావా, ఎక్కడా విసుక్కోలేదు. విసుగు పాఠకుడికి రావాలి, మనకు కాదు. అర్జీ రాసేవాడి వినయం చాలు. నీ వ్యాసంలో ఆశ్చర్యార్థకాలు పదిహేడున్నాయి, లెక్కపెట్టాను. అన్నీ తీసెయ్యి.

సరుకు కోసం వెతుక్కోనక్కర లేదు. కోట్ల ఆస్తి నీకే రాసిస్తామనే ఈమెయిళ్లు వస్తాయి కదా, ఆ మోసాలకు నైజీరియా శిక్షాస్మృతిలోని సెక్షన్‌ను బట్టి 419 అనే పేరు స్థిరపడింది. మనది 420. ఒక్క అంకెలో వాళ్లను దాటేశాం. పైగా 2024 జూలై 1 నుంచి కొత్త న్యాయ సంహితలో మోసం 318వ సెక్షన్ కిందికి వెళ్లింది. ఇంతవరకు ఎవరూ ఎవరినీ ‘వాడొట్టి త్రీ ఎయిటీన్’ అని తిట్టగా నేను వినలేదు. ‘బిల్లు కట్టలేదు, రాత్రి తొమ్మిదిన్నరకు కరెంటు కోస్తాం’ అనే దొంగ సందేశం కర్నూలులో మే నెలలో చదివితే వెన్నులో చలి పుడుతుంది. ఆ నెలలో మాకు దొరికే చల్లదనం అదొక్కటే. ఇలాంటివి కనిపించగానే రాసిపెట్టుకో, మర్నాటికి పదును పోతుంది.

మేనత్త నిజంగా ఉంటే తిరగరాసింది ముందు ఆవిడకు చదివి వినిపించు. కింది బెర్తు దొరికిందో లేదో నాకు రాయి.